చింత అంటే దిగులట! పేర్లు చూసిపెట్టే సర్వీసుతో మా అనుభవం

మా తమ్ముడికి కొడుకు పుట్టాడు. రోహిణి నక్షత్రం. మేనత్తను నేనే కాబట్టి పేరు చూసే పని నాకు అప్పజెప్పారు. ఊళ్లో ఉంటే నలుగురు పెద్దవాళ్లను అడిగేవాళ్లం, ఇక్కడ బెంగళూరులో ఎవరిని అడగాలో తెలియక, జయనగర్‌లో పిల్లల పేర్లకూ ఇంటిపేర్లకూ మూలం, అర్థం చెప్పి రిపోర్టు ఇస్తామనే ఒక సర్వీసుకు 3,500 రూపాయలు కట్టాను. తెలుగువాళ్లు మాత్రం కట్టకండి. నేను వెళ్లిన రోజు అక్కడ కూర్చున్న నలుగురిలో ఇద్దరు మనవాళ్లే, అందుకే ఇంత వివరంగా రాస్తున్నాను.

ముందు బాగున్నవి చెప్తాను. రిపోర్టు రెండో రోజుకే వచ్చింది. నక్షత్రం అక్షరాలు ఓ, వా, వీ, వూ అని ఇచ్చారు, మా ఇంట్లో పంచాంగంతో సరిపోయాయి. ఫోన్లో మాట్లాడిన అమ్మాయి ఎన్నిసార్లు అడిగినా ఓపిగ్గా జవాబిచ్చింది.

ఇక మా ఇంటిపేరు సంగతి. మాది చింతా వారిల్లు. రిపోర్టులో దానికి ‘సంస్కృత పదం, దిగులు అని అర్థం, శుభం కాదు, రికార్డుల్లో రాయకపోతే మంచిది’ అని ఉంది. అది చదివి మా నాన్న ఆ పూట సరిగ్గా అన్నం కూడా తినలేదు. మాది చింతచెట్టు చింత. మా నాయనమ్మ చిన్నప్పుడు మమ్మల్ని తీసుకెళ్లి పొలం గట్టు మీద చెట్లు చూపించి ‘ఇవిరా మన ఇంటిపేరు’ అనేది. సంస్కృతంలో చింత అంటే దిగులే, కాదనను. కానీ మామిడి, గుమ్మడి, తుమ్మల, రావి అని చెట్ల పేర్లూ కాయల పేర్లూ ఇంటిపేర్లయిన తెలుగువాళ్ల దగ్గరికి వచ్చి చింతకు దిగులని అర్థం చెప్తే ఎలా? చింతపల్లి, చింతలపూడి అని మనకు ఊళ్లే ఉన్నాయి, అవి కూడా దిగులు వల్ల పుట్టినవేనా?

రెండో తప్పు ఇంకా పెద్దది. ఇనిషియల్ అంటే తండ్రి పేరు అనుకుని, చింతాను మా తమ్ముడి పేరుగా తీసుకుని లెక్కలన్నీ కట్టేశారు. ఈ ఊళ్లో చాలామందికి ఇనిషియల్ అంటే సొంతూరో తండ్రి పేరో అవుతుంది, వాళ్ల పద్ధతి అది, తప్పు పట్టను. మనకు మాత్రం అది ఇంటిపేరు. కస్తూర్బా రోడ్డులో ఎవరి పేరున మ్యూజియం ఉందో ఆ విశ్వేశ్వరయ్య గారి ‘ఎం’ ఏమిటో ఒక్కసారి చూసుకుంటే తెలిసేది. వారి తండ్రి పేరు శ్రీనివాస శాస్త్రి. ‘ఎం’ అంటే మోక్షగుండం, ఆంధ్రలో ఉన్న వాళ్ల పూర్వీకుల ఊరు. ఆయన పుట్టింది ఇక్కడి ముద్దేనహళ్లిలో, 1912 నుంచి 1918 దాకా మైసూరు దివానుగా చేశారు, అయినా ఊరి పేరు మాత్రం ఆయన పేరు ముందు నుంచి పోలేదు.

తర్వాత పేర్ల లిస్టు. మొదటి పేరు ‘వియాంశ్’, అర్థం కృష్ణుడి అంశ అట. అంశ అంటే భాగం, సరే. వియ అంటే కృష్ణుడని ఎక్కడుందో చూపించమని అడిగాను. రెండు రోజుల తర్వాత ‘మా డేటాబేస్‌లో అలాగే ఉంది మేడమ్’ అన్నారు. మా ముత్తాత పేరు ఓబులేసు అని ఫారంలో రాసిచ్చాను, దాని పక్కన ‘అర్థం లేదు, పాతది’ అని పెట్టారు. నాకు అన్నిటికన్నా బాధ కలిగించింది ఇదే. ఓబులేసు అంటే అహోబిలేశుడు, అహోబిలం నరసింహస్వామి. అహోబిలం జనం నోట్లో ఓబులమైంది. ఓబయ్య, ఓబులమ్మ, ఓబుల్ రెడ్డి అని రాయలసీమలో ఎన్ని ఇళ్లలో ఉన్నారో! ఉత్తరాంధ్ర వైపు అప్పలరాజు, సింహాచలం అంటే ఆ ఇంటి దేవుడు సింహాద్రి అప్పన్న అని ఎలా తెలుస్తుందో ఇదీ అంతే, పేరు వింటే ఏ కొండకు మొక్కుకున్నారో చెప్పొచ్చు. పైగా రోహిణి మొదటి అక్షరమే ఓ! వాళ్లు ఇచ్చిన అక్షరమే, మేం రాసిచ్చిన పేరే, రెండూ పక్కపక్కనే ఉన్నా ఎవరూ గమనించలేదు. మా పక్కింటి కన్నడ ఆంటీకి ఈ పేరు చెప్పగానే ‘మా ఒనకె ఓబవ్వ లాగా’ అని, రోకలి పట్టుకుని చిత్రదుర్గం కోటలో హైదరాలీ సైనికులను ఆపినావిడ కథ మా పిల్లలందరినీ కూర్చోబెట్టి చెప్పింది.

ఇంకో మాట. 21 రోజుల్లోపు పేరు ఖాయం చేయకపోతే బర్త్ సర్టిఫికెట్‌కు ఇబ్బంది అని టెన్షన్ పెట్టి ఎక్స్‌ప్రెస్ ఫీజు అడిగారు. 21 రోజుల గడువు పుట్టుక నమోదు చేయించడానికి. పేరు లేకుండానే నమోదు చేయించుకోవచ్చు, తర్వాత 12 నెలల్లోపు ఫీజు లేకుండా పేరు చేర్పించుకోవచ్చు. తొందరపడి డబ్బు కట్టకండి.

డబ్బు వెనక్కి అడిగితే ఇవ్వలేదు, సరిచేసిన రిపోర్టు అని మళ్లీ పంపారు. అందులో తండ్రి పేరు మార్చారు, చింత మాత్రం దిగులుగానే ఉంది. ఐదుకి ఒక్క స్టార్, అది ఫోన్లో మాట్లాడిన ఆ అమ్మాయికి.

మేం ఊరికి ఫోన్ చేసి, తొంభై దాటిన మా పెద్దమ్మను అడిగాం. పది నిమిషాల్లో తేల్చేసింది. పోయిన ఆదివారం బియ్యంలో ఉంగరంతో ‘చింతా ఓబులేశ్’ అని రాశాం, మా నాన్న చేతే రాయించాం.