మోరిస్ వాల్‌పేపరా, థోనెట్ కుర్చీయా, బాహౌస్ దీపమా: ఏది మేలు?

1851లో లండన్ హైడ్ పార్కులో, గాజుతోనూ ఇనుముతోనూ కట్టిన క్రిస్టల్ ప్యాలెస్‌లో, దేశదేశాల వస్తువులతో మహా ప్రదర్శన జరిగింది. వియన్నాలో పనిచేస్తున్న మైకేల్ థోనెట్ అనే వడ్రంగి తన వంచిన చెక్క సామానుకు అక్కడ కాంస్య పతకం అందుకున్నాడు. తర్వాత ఇంగ్లండ్‌లో కవిగా, డిజైనర్‌గా పేరుపొందిన విలియం మోరిస్ అప్పటికి పదిహేడేళ్లవాడు. అదే ప్రదర్శనకు ఇంటివాళ్లతో వెళ్లిన అతను మాత్రం, లోపల ఉన్నదంతా వికారమేనని నమ్మి, బయటే కూర్చుండిపోయాడని చెబుతారు. యంత్రాలు వచ్చాక సామాను చవకైంది, కానీ దాని మీది నగిషీ మొరటుగా మారింది. అందమైన వస్తువు మామూలు మనిషి ఇంటికి చేరే దారి ఏమిటి? జీవితాంతం ఈ ప్రశ్నకు ఇద్దరూ జవాబు వెతికారు. చేతిపనే దారి అన్నాడు మోరిస్. థోనెట్ పెద్దగా ఏమీ అనలేదు, కార్ఖానా కట్టాడు. 1919లో జర్మనీలోని వైమార్‌లో మొదలైన బాహౌస్ కళాశాల మూడో జవాబు చెప్పింది: కళాకారుడే యంత్రంతో చేయి కలపాలి.

ఈ మూడింటిలో ఏది మేలో తేల్చాలంటే మొదట ధర చూడాలి, తర్వాత చేసినవాడి బతుకు చూడాలి, ఆ పైన మన్నిక. వీటిలో ధరకే నేను ఎక్కువ విలువ ఇస్తాను. సామాన్యుడి కోసమని చెప్పి చేసిన వస్తువు సామాన్యుడు కొనలేనిదైతే, ఆ మాటకు అర్థం లేదు.

మోరిస్‌ను నేను చాలా ప్రేమిస్తాను. 1861లో స్నేహితులతో కలిసి ఇంటి అలంకరణ సామాను సంస్థ పెట్టాడు. తీగలు పాకిన పందిరి, గులాబీలు, పక్షులతో 1862లో గీసిన ‘ట్రెల్లిస్’ ఆయన మొదటి వాల్‌పేపర్ నమూనా. కార్ఖానాల్లో ఆవిరి యంత్రం మీద చుట్టలకు చుట్టలు కాగితం అచ్చవుతున్న రోజుల్లో ఆయన చెక్క అచ్చులకే కట్టుబడ్డాడు. ఒక్కో రంగుకు ఒక్కో అచ్చు, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువ. 1875 నాటి ‘అకాంథస్’ నమూనాకు ముప్పై అచ్చులు కావలసి వచ్చాయి. దగ్గరగా చూస్తే ఆ ఆకుల మడతల్లో లోతు కనిపిస్తుంది. గోడ వెనక్కి జరిగి అక్కడ తోట మొదలైనట్టు ఉంటుంది. ఈ గుణం థోనెట్‌లోనూ లేదు, బాహౌస్‌లోనూ లేదు.

బట్టల అద్దకంలో ఆయన ఇంకా ముందుకు వెళ్లాడు. రసాయన రంగులు బజారును ముంచెత్తుతుంటే, లీక్ పట్టణంలో థామస్ వార్డిల్ రంగుల కార్ఖానాకు వెళ్లి, నీలిమందు తొట్టిలో స్వయంగా చేతులు ముంచి పాత పద్ధతులు నేర్చుకున్నాడు. 1883 నాటి ‘స్ట్రాబెర్రీ థీఫ్’ బట్టను మొదట మొత్తం నీలంలో ముంచి, కావలసిన చోట ఆ నీలాన్ని తీసేసి, తర్వాత ఎరుపు, పసుపు ఎక్కించేవారు. ఒక్క బట్ట పూర్తికావడానికి రోజులు పట్టేది. మచిలీపట్నం అద్దకం తెలిసిన తెలుగువారికి ఇది కొత్తగా అనిపించదు. పటిక అద్ది, చిరివేరుతో ఎరుపు తేల్చే మన తీరపు పనితనాన్ని చూసే పద్దెనిమిదో శతాబ్దపు యూరప్ నూలు బట్ట మీద నిలిచే రంగు అద్దడం నేర్చుకుంది. ఆ రుణం మోరిస్‌కు తెలుసు. ఇంగ్లండ్ చవక సరుకు భారతీయ చేతిపనులను నాశనం చేస్తోందని 1879లోనే బహిరంగ ఉపన్యాసంలో ఆవేదన చెందాడు. అప్పట్లో ఆ మాట చెప్పిన ఆంగ్లేయులు ఎంతమంది?

అయితే ధర దగ్గర మోరిస్ ఓడిపోయాడు. విద్య, స్వేచ్ఛ కొద్దిమందికే ఉండటం ఎలా కూడదో, కళ కొద్దిమందికే ఉండటం కూడా కూడదని 1877లో ఉపన్యసించిన మనిషి, సంపన్నుల ఇళ్లకే గోడలు అలంకరించాడు. ఆయన చివరి మహా కృషి కెల్మ్‌స్కాట్ ముద్రణాలయం నుంచి 1896లో వచ్చిన మధ్యయుగపు ఆంగ్ల కవి చాసర్ గ్రంథం. కాగితం మీద 425 ప్రతులు, తోలు మీద 13. కాగితం ప్రతి వెల 20 పౌండ్లు. పొలం కూలీకి అది నెలల తరబడి కష్టార్జితం. ఈ వైరుధ్యం ఆయనకు తెలియక కాదు, తెలిసి బాధపడ్డాడు. 1883లో సోషలిస్టు ఉద్యమంలో చేరి వీధి మూలల్లో ప్రసంగాలు చేయడానికి ఆ బాధ కూడా కారణమే. ఆయన సంస్థ అమ్మిన రెల్లు అల్లిక ‘ససెక్స్’ కుర్చీ అందుబాటు ధరలోనే ఉండేది. కానీ అది పాత పల్లె కుర్చీని తీసుకుని చేసినది, ఆయన సిద్ధాంతం నుంచి పుట్టినది కాదు.

ఇక థోనెట్. 1796లో రైన్ నది ఒడ్డున బోపార్డ్‌లో పుట్టాడు. మొదట పలచని చెక్క పొరలను జిగురుతో కలిపి వంచేవాడు. ఆ జిగురు ఓడ ప్రయాణపు తేమకూ ఎండకూ ఊడిపోయేది, దూరదేశాలకు పంపడం కుదిరేది కాదు. అందుకని ముక్కలు కలపకుండా గట్టి చెక్కనే వంచే పద్ధతి కనిపెట్టాడు. బీచ్ చెక్క కడ్డీకి ఆవిరి పట్టి మెత్తబరుస్తారు. మామూలుగా వంచితే బయటి వంపు సాగి చిట్లిపోతుంది. అక్కడ ఒక లోహపు పట్టీ బిగిస్తే బయటి వైపు సాగదు. లోపలి వైపు నొక్కుకుపోతుంది, చిట్లదు. అలా ఇనుప అచ్చులో బిగించి ఆరబెడితే వంపు నిలిచిపోతుంది. 1856లో దీనికి పేటెంట్ వచ్చింది. బీచ్ అడవులు, తక్కువ కూలి ఉన్న మొరావియాలోని (నేటి చెక్ దేశం) కొర్యిచానీలో కార్ఖానా లేచింది. 1859లో 14వ నంబరు కుర్చీ పుట్టింది.

దీని గురించి ఎంత చెప్పినా నాకు తనివి తీరదు. ఆరు చెక్క ముక్కలు, పది మరమేకులు, రెండు నట్లు, అంతే. వెనక కాళ్లూ వీపు చట్రమూ ఒకే కడ్డీ. వీపు లోపల ఇంకొక చిన్న వంపు. కూర్చునే చోట పేము అల్లిక. చెక్కడం లేదు, నగిషీ లేదు. ఆవిరి చెక్కను ఎలా వంచగలదో ఆ గీతే అందం. అన్నిటికన్నా గొప్పది దాన్ని విప్పి పెట్టెలో సర్దిన తీరు. ఒక ఘనపు మీటరు పెట్టెలో 36 కుర్చీలు పట్టేవి. ఓడకెక్కించి పంపితే చేరిన ఊళ్లో ఎవరో మరమేకులు బిగించేవారు. కుర్చీతో పాటే పెట్టెనూ, రవాణానూ, వెలనూ రూపొందించాడు థోనెట్. మోరిస్ పట్టించుకోనిది సరిగ్గా ఇదే. 1930 నాటికి ఈ కుర్చీలు దాదాపు 5 కోట్లు తయారయ్యాయని లెక్క. వియన్నా కాఫీ హోటళ్ల నుంచి ముంబయి ఇరానీ కేఫుల దాకా ఈ వంచిన చెక్క కుటుంబం పాకింది. కవి, గుమాస్తా, కూలీ ఒకే రకం కుర్చీలో కూర్చున్నారు.

మధ్యలో వియన్నాలోనే ఇంకొక ప్రయత్నం జరిగింది. 1903లో యోసెఫ్ హోఫ్‌మన్, కోలోమన్ మోజర్ స్థాపించిన వీనర్ వెర్క్‌స్టెట్టె (వియన్నా కార్యశాల) మోరిస్ దారినే పట్టి, వెండితోనూ పాలరాతితోనూ అద్భుతాలు చేసి, 1932లో అప్పుల్లో మూతపడింది. బ్రస్సెల్స్‌లో వాళ్లు కట్టిన స్టోక్లే భవనం ఒక బ్యాంకరు కుటుంబం కోసం. మన ప్రశ్నకు అక్కడ జవాబు దొరకదు.

బాహౌస్ సంగతి చిక్కైనది. దాని స్థాపకుడు వాల్టర్ గ్రోపియస్ 1919 ప్రకటన మోరిస్ గొంతుతోనే మొదలైంది: అందరం చేతిపనికి తిరిగి వెళ్లాలని. నాలుగేళ్లలో, 1923 ప్రదర్శన నాటికి, నినాదం మారింది: కళ, సాంకేతికత కలిసి కొత్త ఐక్యత. కానీ నినాదం మారినంత త్వరగా పని మారలేదు. విల్‌హెల్మ్ వాగెన్‌ఫెల్డ్ 1924లో చేసిన దీపం చూడండి. పాలరంగు గాజు అర్ధగోళం, గాజు కాడ, గుండ్రని పీఠం. యంత్రం నుంచి వచ్చినట్టే ఉంటుంది. నిజానికి కార్యశాలలో చేత్తో చేసినది, ఖరీదైనది. లైప్‌జిగ్ సంతకు తీసుకెళితే, చవక సరుకులా కనిపించే దీనికి ఇంత ధరా అని వ్యాపారులు నవ్వారని వాగెన్‌ఫెల్డే తర్వాత చెప్పాడు. మార్సెల్ బ్రాయర్ 1925లో సైకిల్ హ్యాండిల్‌ను చూసి స్ఫూర్తి పొంది, ఉక్కు గొట్టాలతో చేసిన కుర్చీ (తర్వాతి కాలంలో దీనికి ‘వాసిలీ’ అని పేరు వచ్చింది) చూపుకు తేలికగా, వెలకు బరువుగా ఉండేది. మోరిస్ చేత్తో చేసి చేతిపనిలాగే చూపించాడు. తొలినాళ్ల బాహౌస్ చేత్తో చేసి యంత్రంలా చూపించింది. ఆ విషయంలో మోరిస్‌దే నిజాయితీ అంటాను.

తర్వాత బాహౌస్ దారిలో పడింది. 1928లో గ్రోపియస్ స్థానంలోకి వచ్చిన హానెస్ మేయర్, విలాస అవసరాలు కాదు, ప్రజల అవసరాలు చూడాలన్నాడు. ఆ కాలంలోనే మరియానె బ్రాంట్ లైప్‌జిగ్ కంపెనీ కోసం రూపొందించిన కాండెమ్ దీపాలు నిజంగా కార్ఖానాలో పెద్ద సంఖ్యలో తయారయ్యాయి. 1929లో విద్యార్థుల మధ్య పోటీ పెట్టి నమూనాలు ఎంచారు. వాటిని రాష్ కంపెనీ వాల్‌పేపర్‌గా అచ్చువేసింది. పూలూ పక్షులూ లేవు. సన్నని గీతలు, చుక్కలు, లేత రంగులు. కొత్తగా కడుతున్న చిన్న ఫ్లాట్లకు సరిపోయే వెల. బాహౌస్ వస్తువులన్నిటిలో వ్యాపారపరంగా బాగా గెలిచినది ఈ వాల్‌పేపరే. 1933లో కళాశాల మూతపడ్డాక కూడా అమ్ముడవుతూనే ఉంది. గోడ వరకు పోల్చితే మోరిస్‌ది మహోన్నతం, బాహౌస్‌ది మామూలు. కార్మికుడి గోడ మీదికి చేరింది మాత్రం ఆ మామూలుదే.

ఇప్పుడు చేసినవాడి సంగతి. ఇక్కడ థోనెట్ వెనకబడతాడు. ఆయన కార్ఖానాల్లో పని ముక్కలు ముక్కలుగా విడిపోయింది. ఒకరు వంచుతారు, ఒకరు గీకుతారు, ఇంకొకరు మెరుగు పెడతారు. గీకుడు, మెరుగు, పేము అల్లిక ఎక్కువగా ఆడవాళ్ల పనులు. కుర్చీ మొత్తాన్ని నా చేత్తో చేశానని చెప్పగల మనిషి అక్కడ లేడు. పనిలో ఆనందం లేకపోతే వస్తువులో అందం ఉండదన్నది మోరిస్ వాదం. 14వ నంబరు కుర్చీ ఆ వాదాన్ని అబద్ధం చేసింది, అందుకే అది నన్ను కలవరపెడుతుంది. ఆనందం లేని పని నుంచి కూడా అందం పుట్టగలదు. అలాంటప్పుడు ఆ పనివాడికి ఎవరు జవాబుదారీ? ఈ ప్రశ్న అడిగినవాడు మోరిస్ ఒక్కడే. ఆయన సొంత మెర్టన్ కార్యశాలలోనూ నేతగాళ్లు యజమాని గీసిన బొమ్మనే నేశారు. ఆయన కుటుంబ సంపద డెవన్‌లోని రాగి గని నుంచి వచ్చింది, ఆ గని పాషాణం (ఆర్సెనిక్ విషం) కూడా తీసేది. తొలి వాల్‌పేపర్ల ఆకుపచ్చలో ఆ విషమే ఉంది. వైద్యుల హెచ్చరికలను 1885లో కూడా ఆయన కొట్టిపారేశాడు. ఆయన మీద ఎంత ప్రేమ ఉన్నా, ఇది దాచకూడదు. ఇక బాహౌస్ చేరిన అమ్మాయిల్లో చాలామందిని నేత విభాగానికి మళ్లించింది. గుంటా ష్టోల్‌జ్ల్, ఆనీ ఆల్బర్స్ వంటివారు ఆ మగ్గం దగ్గరే గొప్ప కళ సాధించారంటే ఆ ఘనత వాళ్లది, కళాశాలది కాదు.

మన్నికలో పోటీ లేదు. థోనెట్ కుర్చీ పేము తెగితే మళ్లీ అల్లుకోవచ్చు, మరమేకు వదులైతే బిగించుకోవచ్చు. ఉక్కు గొట్టపు కుర్చీకి మెరుగు పోతే ఇంట్లో చేయగలిగింది తక్కువ.

కాబట్టి నా తీర్పు: అందరి వస్తువు అనే పరీక్షలో థోనెట్ మొదటివాడు. డిజైన్ చదువుకునే పిల్లలు మాత్రం బాహౌస్‌ను ముందు చదవాలి, ఎందుకంటే పొరపాట్లతో సహా తన ప్రయోగాలన్నీ బహిరంగంగా చేసిన కళాశాల అది. మోరిస్‌ను ఎవరైనా ఎప్పుడైనా చదవవచ్చు. లండన్ వెళితే విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియంలో ఆయన బట్టల ముందు కాసేపు నిలబడండి, ఫోటోలో ఆ నీలం రాదు.

ఇవాళ కొనాలనుకునేవారికి ఒక మాట. వాగెన్‌ఫెల్డ్ దీపం, బ్రాయర్ కుర్చీ లైసెన్సు ఉన్న కంపెనీల నుంచే అసలువి వస్తాయి, వెల ఎక్కువ. జర్మనీ థోనెట్ కంపెనీ 214 అనే నంబరుతో అమ్మే పాత కుర్చీ కూడా ఇప్పుడు వందల యూరోల విలాస వస్తువే. కానీ ఆ పేటెంట్ 1869లోనే ముగిసింది. అప్పటి నుంచి ఎవరైనా దాన్ని చేయవచ్చు, చేస్తూనే ఉన్నారు. మొరావియాలో థోనెట్ కట్టిన బిస్త్రిట్సె కార్ఖానా ఇప్పటికీ టాన్ అనే పేరుతో చెక్కను ఆవిరి పట్టి వంచుతోంది. థోనెట్‌నూ బాహౌస్‌నూ కలిపి చూడాలనుకుంటే బ్రాయర్ 1928 కుర్చీ ఉంది: ఉక్కు గొట్టం కాళ్లు, బీచ్ చట్రంలో పేము అల్లిక. దాన్ని తయారు చేసి అమ్మింది కూడా థోనెట్ కంపెనీయే.