రాసుకుని నటించడమా, నటిస్తూ రాతకు రావడమా: మైకేల్ హుయ్, స్టీఫెన్ చౌ

హాంకాంగ్‌లో జనం మాట్లాడే చైనీస్ భాష క్యాంటనీస్. ఆ భాషా సినిమాలో తమ హాస్యాన్ని తామే రాసుకున్న నటులలో మైకేల్ హుయ్, స్టీఫెన్ చౌ ఇద్దరిదీ అగ్రస్థానమే అయినా, రచననూ నటననూ వారు జతపరచుకున్న తీరు వేరు.

చైనా అధికార భాష అయిన మాండరిన్‌లో తీసిన చిత్రాల ధాటికి 1972 నాటికి క్యాంటనీస్ చిత్ర నిర్మాణం దాదాపు ఆగిపోయింది. ఆ ఏడాది హుయ్ నటించిన తొలి చిత్రం కూడా షా బ్రదర్స్ అనే నిర్మాణ సంస్థ వారి మాండరిన్ చిత్రమే. అప్పటికే తమ్ముడు శామ్‌తో కలిసి టెలివిజన్‌లో హాస్య కార్యక్రమం నడిపిన అనుభవం ఉన్న ఆయన, 1974లో గోల్డెన్ హార్వెస్ట్ సంస్థకు ‘గేమ్స్ గాంబ్లర్స్ ప్లే’ చిత్రాన్ని తానే రాసి, దర్శకత్వం వహించి, నటించి హాంకాంగ్ వసూళ్ల రికార్డును తిరగరాశారు. ఆయన రచనలోని బిగువు 1988 నాటి ‘చికెన్ అండ్ డక్ టాక్’లో స్పష్టంగా కనిపిస్తుంది. కాల్చిన బాతు మాంసం అమ్మే పాత హోటలుకు ఎదురుగా వేయించిన కోడి అమ్మే కొత్త హోటలు వెలుస్తుంది. నవ్వులన్నీ ఆ పోటీలోంచీ, పాత యజమాని పిసినారితనంలోంచీ పుడతాయే తప్ప పైనుంచి అతికించినట్లు ఉండవు.

చౌ దారి వేరు. హాంకాంగ్ టెలివిజన్ సంస్థ టీవీబీలో శిక్షణ పొంది, పిల్లల కార్యక్రమాల వ్యాఖ్యాతగా పనిచేసి, 1990లో ‘ఆల్ ఫర్ ది విన్నర్’తో తార అయ్యారు. 1992లో హాంకాంగ్ వసూళ్లలో మొదటి ఐదు స్థానాలూ ఆయన నటించిన చిత్రాలవే. రచనలో, దర్శకత్వంలో ఆయన చేయి బలపడింది 1994 నుంచి, అదీ ఎక్కువగా ఇతర రచయితలతో కలిసి. ‘షావోలిన్ సాకర్’ (2001), ‘కుంగ్ ఫూ హసల్’ (2004) చిత్రాల ఖ్యాతి పెద్దదే కానీ, చిల్లర వేషాల నటుడి అవమానాలను నవ్విస్తూనే చూపిన 1999 నాటి ‘కింగ్ ఆఫ్ కామెడీ’ రచనగా వాటికంటే మిన్న అని నా అభిప్రాయం.

శిఖరాన్ని కొలిస్తే చౌదే పైచేయి. నటజీవితపు మన్నికను బట్టి చూస్తే మాత్రం హుయ్ మార్గమే మేలు. 2008 తర్వాత చౌ ప్రధాన పాత్ర ధరించలేదు. ఆయన దర్శకత్వంలోని తర్వాతి చిత్రాలు ప్రధానంగా చైనా ప్రేక్షకుల వైపు మళ్లాయి. 1982లో తొలి హాంకాంగ్ ఫిల్మ్ అవార్డుల ఉత్తమ నటుడైన హుయ్, ఎనభై దాటాక, ఇతరులు రాసిన ‘ది లాస్ట్ డాన్స్’ (2024)లో అంత్యక్రియలు జరిపించే తావో పురోహితుడిగా నటించారు. ఆ చిత్రం హాంకాంగ్‌లో స్థానిక చిత్రాల వసూళ్ల రికార్డు నెలకొల్పింది. హుయ్‌కు ఆసరాగా నిలిచిన తమ్ముళ్ల పాత్రనూ ఇక్కడ మరువరాదు.

అయితే హుయ్ పద్ధతికి ఓపికగల నిర్మాత కావాలి: 1974 నుంచి 1981 వరకు ఆయన దర్శకత్వం వహించినవి ఐదు చిత్రాలే. ఏటా నాలుగైదు సినిమాలు కోరే వ్యవస్థలో ఉన్న నటుడికి, చౌ వలె ముందు ఇతరుల రాతల్లో పేరు తెచ్చుకుని, ఆ బలంతో కలం పట్టడమే సాధ్యమైన దారి.