పంట్ రిటర్నర్లకు బంతి విసిరే మెషీన్: కొనొచ్చా?

అమెరికన్ ఫుట్‌బాల్‌లో ప్రత్యర్థి ఎత్తుగా తన్నిన బంతిని (పంట్) పట్టుకుని ముందుకు పరుగెత్తేవాడే పంట్ రిటర్నర్. అలాంటి ఆటగాడు డారెన్ స్ప్రోల్స్ ఎత్తు 5 అడుగుల 6 అంగుళాలే. అయినా 2011లో న్యూ ఆర్లీన్స్ సెయింట్స్ జట్టు తరఫున 2,696 ఆల్-పర్పస్ గజాలతో (పరుగులు, క్యాచ్‌లు, రిటర్న్‌లు అన్నీ కలిపి) ఆ ఆట ప్రధాన లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్ రికార్డు కొట్టాడు. అయితే పొట్టి రిటర్నర్‌ని జట్టులో నిలబెట్టేది కాళ్ల వేగం ఒక్కటే కాదు. బంతి జారవిడిస్తే మర్నాడే వేరొకరిని వెతుకుతారు.

బంతి పట్టే సాధనకు, తిరిగే రెండు చక్రాల మధ్య నుంచి బంతిని విసిరే మెషీన్ బాగానే పనికొస్తుంది. మూతి బాగా పైకెత్తి పెట్టండి. బంతిలో గాలి 12.5 నుంచి 13.5 పీఎస్ఐ ఉండాలి. తగ్గితే చక్రాల పట్టు చాలక బంతి ఊగుతూ వెళ్తుంది. తడి బంతైతే జారిపోతుంది, తుడిచి పెట్టండి.

పెద్ద లోపం: కోణం కదపకపోతే బంతి దాదాపు ఒకే చోట పడుతుంది. అయిదేసి బంతులకోసారి మార్చండి. ఎడమకాలి పంటర్ బంతి ఎదురు దిశలో తిరుగుతుంది. మీ మెషీన్ అలా తిప్పలేకపోతే దానికి మాత్రం మనిషే తన్నాలి.