వంతెన కింద ఏముందో చూద్దామని: కర్నూలు, కడప, గుత్తి చుట్టూ ఒక ప్రయాణం

రాయలసీమలో ఏరు దాటేటప్పుడు బస్సు కిటికీలోంచి కిందికి చూసేవాళ్లు తక్కువ. చూసినా ఏముంటుంది? ఇసుక, సర్కారు తుమ్మచెట్లు, నాలుగు బర్రెలు. మా మామ మాత్రం అక్కడే చూస్తాడు. రోడ్లు భవనాల శాఖలో వర్క్ ఇన్‌స్పెక్టర్‌గా చేసి రిటైరైన మనిషి. ఆయనతో కలిసి కర్నూలు నుంచి నంద్యాల మీదుగా బస్సులో కడపకు, అక్కడి నుంచి రైల్లో తాడిపత్రికి, తర్వాత గుత్తి చూసుకుని 44వ నంబరు హైవే మీద మళ్లీ కర్నూలుకు వచ్చాను. గుళ్లు, గుహలు పెద్దగా చూడలేదు. బెలుం, గండికోట కావాలనుకునేవాళ్లు ఇదే దారిలో ఇంకో రెండు రాత్రులు కలుపుకోవాలి. గండికోటలో టూరిజం వాళ్ల హరిత హోటల్ ఉంది, శని ఆదివారాలకైతే ముందే బుక్ చేసుకోవడం మంచిది.

కర్నూలులో ఉండటానికి కొత్త బస్టాండు చుట్టుపక్కల లాడ్జీలు చాలు. మేం దిగిన లాడ్జిలో గది శుభ్రంగానే ఉంది కానీ కిటికీ రోడ్డు వైపుకు ఉండటంతో రాత్రంతా లారీల హారన్లే. లోపలి వైపు గది అడగండి, అద్దె తేడా ఏమీ ఉండదు. పొద్దున్నే రోడ్డు పక్క బండి మీద ఉగ్గాని, బజ్జి తిని హంద్రీ దగ్గరికి వెళ్లాం.

కర్నూలుకు వచ్చేవాళ్లంతా కొండారెడ్డి బురుజు చూస్తారు. మామ నన్ను తీసుకెళ్లింది కేసీ కాలువ హంద్రీని దాటే అక్విడక్టు దగ్గరికి. పైన కాలువ, కింద ఏరు. నీళ్ల కోసం కట్టిన వంతెన అన్నమాట. కర్నూలు కడప కాలువను 1863 నుంచి 1871 దాకా మద్రాసు ఇరిగేషన్ కంపెనీ అనే ప్రైవేటు సంస్థ తవ్వింది. సాగుకే కాదు, పడవలు నడపడానికి కూడా. రోడ్డు సరిగా లేని కాలంలో సరుకు నీళ్ల మీద పోతే చౌక అని లెక్క వేసుకున్నారు. లెక్క తప్పింది, కంపెనీ నష్టపోయింది, 1882లో ప్రభుత్వం కొనుక్కుంది. రోడ్లలో ప్రైవేటు పెట్టుబడి అంటే ఇప్పుడేదో కొత్తగా వచ్చిందనుకుంటాం గానీ, సీమ ఆ పాఠం నూట యాభై ఏళ్ల కిందటే చదివింది. ముక్కు మూసుకోకుండా అక్కడ నిలబడటం మాత్రం కష్టం. ఊరి మురుగంతా హంద్రీలోకే వస్తుంది.

ఆ మురుగు కాలువలాంటి ఏరే 2009 అక్టోబరు 2న తుంగభద్రతో కలిసి కర్నూలును ముంచింది. ఆ వరదలో శ్రీశైలానికి 25 లక్షల క్యూసెక్కులకు పైగా నీళ్లొచ్చాయి, డ్యాము డిజైన్ చేసిందేమో 19 లక్షలకు. కింద జలాశయం నిండుగా ఉండటంతో పైనుంచి వచ్చే నీళ్లకు పోయే దారి దొరక్క ఊళ్లో నిలబడ్డాయి. కర్నూలులో ఇప్పటికీ పాత ఇళ్ల గోడలు చూపించి "ఆడిదాకా వచ్చినాయి" అని చెప్పేవాళ్లున్నారు.

కర్నూలు నుంచి కడప దాకా రోడ్డు నాలుగు లైన్లు, సుమారు 190 కిలోమీటర్లు. ఒకప్పుడు 18వ నంబరు జాతీయ రహదారి. 2010లో దేశమంతా నంబర్లు మార్చినప్పుడు 40 అయింది. పెద్దవాళ్లు ఇప్పటికీ చిత్తూరు రోడ్డనే అంటారు. ఆర్టీసీ ఎక్స్‌ప్రెస్ ఎక్కితే సుఖమే, కాకపోతే నంద్యాల, ఆళ్లగడ్డ, మైదుకూరు బస్టాండ్లలోకి వెళ్లి వస్తుంది కాబట్టి బైపాసుల వల్ల మిగలాల్సిన టైము మిగలదు. కారులో అయితే నన్నూరు టోల్‌గేటు దాటాక ఓర్వకల్లు రాక్ గార్డెన్ దగ్గర ఆగొచ్చు. ఆళ్లగడ్డ దగ్గర రోడ్డు పక్కనే శిల్పుల షెడ్లు, సగం చెక్కిన దేవుళ్లు కనిపిస్తారు.

ఈ రోడ్డు మీద తారు గురించి నాకు ఫిర్యాదు లేదు. నా ఫిర్యాదంతా వంతెనల దగ్గరే. బస్సు ప్రతి వంతెన మొదట్లో ఒకసారి, చివర్లో ఒకసారి ఎగిరి పడుతుంది. కారణం మామ చెప్పాడు. వంతెన గట్టి పునాది మీద ఉంటుంది, కదలదు. దానికి రెండు వైపులా పోసిన మట్టికట్ట మాత్రం ఏళ్ల తరబడి కొంచెం కొంచెం దిగుతూనే ఉంటుంది. ఆ తేడా పూడ్చుకుంటూ పోవాలి. పూడ్చకపోతే లారీ చక్రం అక్కడ ఎగిరి స్లాబు అంచు మీద పడుతుంది. అలా పడీ పడీ ఎక్స్‌పాన్షన్ జాయింటు ఊడిపోతుంది. మే నెల ఎండకు కాంక్రీటు సాగటానికి వదిలిన సందు అది. అందులోని రబ్బరు పోయి రాళ్లూ మట్టీ చేరితే, సాగటానికి చోటులేక అంచులు పగులుతాయి.

మైదుకూరులో బస్సు దిగి ఆటో ఎక్కాం. ఊరు దాటాక ఒక వంక మీది చిన్న వంతెన దగ్గర మామ ఆటో ఆపించాడు. పిట్టగోడ అడుగున నీళ్లు పోయే గొట్టాలుంటాయి కదా, వాటిలో ఒక్కటీ తెరిచి లేదు. మట్టి నిండి గట్టిపడింది. ఒకదాంట్లోంచి జానెడు రావిమొక్క మొలిచి ఉంది, వేళ్లు అప్పటికే సిమెంటు సందులో దూరాయి. వంతెన కిందికి దిగి చూస్తే స్లాబు అడుగున తెల్లటి చార, దాని పక్కన తుప్పు రంగు మరక. పైన నిలబడిన నీళ్లు కాంక్రీటులో ఇంకి ఇనుము దాకా పోయాయన్నమాట.

"దీనికి ఒక గడ్డపార, ఇద్దరు మనుషులు, అరపూట కూలి చాలు అల్లుడూ. అరపూట కూలికి టెండరు పిల్చలేరు గదా. అందుకే అట్లే ఉంటాది."

ఈ ప్రయాణం మొత్తంలో నాకు బాగా పట్టిన మాట అదే. పూర్వం రోడ్లు భవనాల శాఖకు గ్యాంగ్ మజ్దూర్లు ఉండేవాళ్లు. ఇన్ని కిలోమీటర్లని ఒక్కో గ్యాంగుకు అప్పజెప్పేవాళ్లు. వానకు ముందు తూములు తీయడం, బెర్ములు (తారు పక్కన ఉండే మట్టి అంచులు) చెక్కడం, గుంతలో కంకర వేసి దిమ్మిస కొట్టడం, చెట్లకు సున్నం నంబర్లు వేయడం వాళ్ల పని. రోడ్డు పక్క చింతచెట్ల కాయలను శాఖ వేలం వేసేది. ఇప్పుడు ఆ చెట్లూ లేవు, రిటైరైన మజ్దూర్ల స్థానంలో కొత్తవాళ్లూ రాలేదు. పని పెద్దదైతే కాంట్రాక్టరుకు పోతుంది. చిన్న పనికి దిక్కు లేదు, అది పెద్దదయ్యేదాకా ఆగాల్సిందే.

కడపలో ఏడురోడ్ల కూడలి దగ్గర దిగాం. అన్ని ధరల్లోనూ గదులు దొరుకుతాయి, తిండికి నడిచి వెళ్లొచ్చు. రాత్రి సంగటి, పొద్దున కారం దోసె. నూనె కాస్త ఎక్కువే, నాకు ఇబ్బంది లేదు, మామ మాత్రం మధ్యాహ్నం దాకా సోడాలు తాగాడు. మొత్తం ప్రయాణంలో బాగా నిద్రపట్టింది కడపలోనే.

కడప నుంచి తాడిపత్రికి రైలే ఎక్కమని నా సలహా. పగటి రైల్లో కిటికీ పక్కన కూర్చుంటే చాలు. కమలాపురం దగ్గర పాపాఘ్ని దాటుతాం. కాస్త కిందనే పెన్నాలో కలుస్తుంది. మేం చూసినప్పుడు సన్నటి పాయ, పిల్లలు నడుచుకుంటూ దాటుతున్నారు. ఈ ఏరే 2021 నవంబరులో పైన వెలిగల్లు ప్రాజెక్టు నుంచి వదిలిన నీళ్లతో పొంగి, కడప నుంచి అనంతపురం వెళ్లే రోడ్డు మీది కమలాపురం వంతెనను కూల్చేసింది. అదే వారంలో, నవంబరు 19న, చెయ్యేరు మీద అన్నమయ్య ప్రాజెక్టు కట్ట తెగి రాజంపేట వైపు ఊళ్లకు ఊళ్లు కొట్టుకుపోయాయి. నందలూరు దగ్గర రైలు పట్టాలు కూడా తెగాయి.

ఇసుక ఏళ్ల మీది వంతెనలకు ప్రమాదం నీళ్ల ఎత్తుతో కాదు, నీళ్ల అడుగున వస్తుందని మామ చెప్పాడు. వడిగా పోయే నీళ్లు పిల్లరుకు తగిలి కిందికి తిరిగి, పాదం దగ్గర ఇసుకను తోడేస్తాయి. ఆ గుంత ఎంత లోతుకు పోయిందో వరదలో కనిపించదు. వరద తగ్గేటప్పుడు అదే నీళ్లు మళ్లీ ఇసుక తెచ్చి గుంత పూడ్చేస్తాయి. తర్వాత వచ్చి చూసేవాడికి అంతా బాగున్నట్టే ఉంటుంది. దీనికి తోడు వంతెన దగ్గర్లో ఇసుక తవ్వుకుపోతే ఏరు మొత్తం ఒక మెట్టు కిందికి దిగి, పునాదులు తేలతాయి. పదేళ్లు నీళ్లు రాని ఏటిని ఎవరూ అనుమానించరు. సీమలో వంతెనలకు ఉన్న అసలు చిక్కు ఇదే.

రైలువాళ్ల పద్ధతి వేరు. వంతెన పిల్లర్ల మీద ప్రమాద మట్టం గీత రంగుతో వేసి ఉంటుంది, ఏ వంతెనకు ఆ నంబరు ఉంటుంది. కీమ్యాన్ రోజూ పట్టాల వెంబడి నడుస్తాడు, వానాకాలం రాత్రుళ్లు గస్తీ ఉంటుంది. ఇదంతా ఊరికే రాలేదు. ముద్దనూరు దాటాక మంగపట్నం దగ్గర 1902 సెప్టెంబరులో ఒక వంక పొంగి రైలు వంతెనను కోసేస్తే, రాత్రి మెయిలు బండి అందులో పడి డెబ్బై మందికి పైగా చనిపోయారు. పేరున్న నది కూడా కాదు, వంక. రైలు అక్కడి నుంచి పోతుంటే ఎవరూ తలెత్తి చూడలేదు, అందరూ ఫోన్లలో ఉన్నారు. చెప్పే బోర్డు ఏదైనా ఉంటే బాగుండు.

ఎర్రగుంట్ల సిమెంటు, తాడిపత్రి గ్రానైటు, బేతంచెర్ల బండలు, అన్నీ ఈ జిల్లాల రోడ్ల మీదే పోవాలి. ఇరుసు మీద బరువు రెట్టింపైతే రోడ్డుకు జరిగే అరుగుదల రెట్టింపు కాదు, సుమారు పదహారు రెట్లు. 1950ల చివర్లో అమెరికాలో లారీలు నడిపి చూసి తేల్చిన లెక్క, ఇప్పటికీ ఇంజినీర్లు దాన్నే వాడతారు. ఎక్కువ బండలు వేసుకున్న ఒక్క లారీ దెబ్బ మన కార్లు వేలకొద్దీ తిరిగినా రాదు.

తాడిపత్రిలో పెన్నా ఒడ్డున బుగ్గ రామలింగేశ్వరుడి గుడి ఉంది. ఆ చెక్కడం పని చూడకుండా రావొద్దు. లాడ్జి సంగతి చెప్పకపోవడమే మేలు. వేడినీళ్లు ఉన్నాయన్నారు, రాలేదు. అడిగితే "ఇప్పుడే స్విచ్చి వేసినాం అన్నా" అన్నారు, రెండుసార్లు. గుత్తికి యాభై కిలోమీటర్ల లోపే కాబట్టి సాయంత్రమే గుత్తికి వెళ్లిపోయుంటే సరిపోయేది.

గుత్తి కోట కింద దొరల శ్మశానం ఉంది. సీడెడ్ జిల్లాలకు, అంటే నిజాం ఇంగ్లీషు కంపెనీకి ఇచ్చేసిన రాయలసీమ, బళ్లారి ప్రాంతానికి, మొదటి ప్రిన్సిపల్ కలెక్టరు థామస్ మన్రో 1827 జూలై 6న పత్తికొండలో కలరాతో చనిపోతే తెచ్చి పూడ్చింది ఇక్కడే. తర్వాత అవశేషాలు మద్రాసుకు తీసుకెళ్లారు. కోట ఎక్కాలంటే ఎండ రాకముందే ఎక్కాలి.

మేం కొండ ఎక్కకుండా ఆటో మాట్లాడుకుని పత్తికొండ రోడ్డులో ఎర్రగుడికి వెళ్లాం. పొలాల మధ్య రాతిగుండ్లు, వాటి మీద అశోకుడి శాసనాలు. 1929లో ఒక భూగర్భ శాస్త్రవేత్త కంట పడేదాకా బయటి ప్రపంచానికి తెలియదు. పెద్ద శాసనాలు పద్నాలుగూ ఇక్కడున్నాయి. చిన్న శాసనంలో కొన్ని వరుసలు ఎడమ నుంచి కుడికి, కొన్ని కుడి నుంచి ఎడమకు, మడక దున్నినట్టు తిరుగుతాయి. మామను ఆకట్టుకున్నది పెద్ద శాసనాల్లో రెండోది. మనుషులకూ పశువులకూ పనికొచ్చేలా దారుల వెంట బావులు తవ్వించాననీ, చెట్లు నాటించాననీ అందులో ఉంది. "దీన్ని పని పూర్తయినట్టు సర్టిఫికెట్ అనుకోవచ్చు" అన్నాడు. ఆటోకు రానూపోనూ ముందే మాట్లాడుకోండి, తిరుగు బండ్లు దొరకవు. నీళ్లు గుత్తిలోనే కొనుక్కోండి.

గుత్తి నుంచి కర్నూలుకు 44వ నంబరు హైవే, పాత ఏడో నంబరు. డోన్, వెల్దుర్తి మీదుగా రెండు గంటల్లోపే వచ్చేస్తుంది. అమకతాడు టోల్‌గేటు దగ్గర మరుగుదొడ్లు ఉన్నాయి. బస్సులో వెళ్లేవాళ్లకూ టోలు టికెట్లోనే పడుతుంది కాబట్టి మొహమాటం అక్కర్లేదు. వంతెనలు ఎక్కువున్న రోడ్డుకు టోలు ఎక్కువ ఎందుకంటే, వంతెన పొడవును పదింతలుగా లెక్కగట్టేవాళ్లు. వంతెనలు, సొరంగాలే ఎక్కువున్న రోడ్ల మీద ఆ భారం తగ్గేలా 2025 జూలైలో నియమం మార్చారు. రాత్రి బస్సుల కంటే పగటి ఆర్టీసీయే నయమని నా అభిప్రాయం. చిన్నటేకూరు దగ్గర 2025 అక్టోబరు 24 తెల్లవారుజామున ప్రైవేటు బస్సు కాలిపోయింది ఈ రోడ్డు మీదే.

హైవే మీద ఏ ఇబ్బంది వచ్చినా 1033కు ఫోన్ చేయొచ్చు. పక్కనున్న కిలోమీటరు రాయి నంబరు ముందే చూసిపెట్టుకోండి, మొదట అడిగేది అదే. చిక్కల్లా మిగతా రోడ్లతోనే. ఎర్రగుడి దారిలో ఒక కల్వర్టు పిట్టగోడ పడిపోయి, దాని చోట ముళ్లకంప వేసి ఉంది. మామ తన పాత పరిచయాల్లో వెతికి ఒక ఏఈకి (అసిస్టెంట్ ఇంజినీరుకు) బస్సులోంచే ఫోన్ చేశాడు. ఎస్టిమేట్ పంపామని చెప్పాడట. ఎప్పుడని మామ అడిగితే, తనకంటే ముందున్న ఏఈ పంపాడన్నాడు.