వాలు తోటకి వట్టివేరు పిలకలు: కొని, నాటి, వానల్లో చూశాక

వాలులో మట్టి కొట్టుకుపోకుండా గట్టుగా నాటడానికి వట్టివేరు గడ్డి కొందామనుకునేవాళ్లకి నా మాట ముందే చెప్పేస్తాను. ధైర్యంగా కొనండి. అయితే ప్లాస్టిక్ సంచుల్లో పెంచిన మొక్కలు కాకుండా, మడిలోంచి అప్పుడే తవ్విన దుబ్బులు కొనండి. తీసుకునే ముందు వేరు వాసన చూడండి. నేను ఇచ్చే మార్కులు గడ్డికి అయిదుకి అయిదు, అమ్మిన నర్సరీకి మూడున్నర.

మాది నూజివీడు వైపు మామిడి తోట. ఎర్ర గరప నేల, వాగు వైపుకి వాలు. గట్టి వాన పడిందంటే పైమట్టి కొట్టుకుపోయి చెట్ల మొదళ్లలో వేళ్లు బయటపడేవి. మట్టి గట్టు వేయిస్తే ఒక్క వర్షాకాలం ఆగేది, మళ్లీ ఎక్కడో ఒకచోట గండి. రాళ్లు పేర్పించడానికి అడిగితే, ఆ ఖర్చుతో ఇంకో బోరు వేసుకోవచ్చు. నేను స్కూల్లో పాఠాలు చెప్పి రిటైరైన మనిషిని. ఏటా మట్టికీ కూలీకీ పెట్టే డబ్బు చూసి ప్రాణం ఉసూరుమనేది.

వట్టివేరు అంటే మనకి వేసవిలో కుండలో వేసుకునే వేళ్లే గుర్తొస్తాయి. ఆ వేళ్ల పైన మనిషంత ఎత్తు పెరిగే దుబ్బు గడ్డి ఉంటుంది. ఏళ్ల తరబడి బతుకుతుంది. ఇది మన దేశపు గడ్డే. ఏటి ఒడ్లలో, వరద నీళ్లు నిలిచే పల్లాల్లో దానంతట అదే పెరుగుతుంది. కర్ణాటకలో గుండ్లుపేట వైపు రైతులు పొలం సరిహద్దులకి తరతరాలుగా దీన్నే నాటుకుంటున్నారు. 1950ల్లో ఫిజీ చెరకు తోటల్లో దీంతో మట్టి ఆపిన జాన్ గ్రీన్‌ఫీల్డ్, 1980ల్లో ప్రపంచ బ్యాంకు తరఫున మన దేశానికి వచ్చి, ఆ బ్యాంకులోనే పనిచేసే రిచర్డ్ గ్రిమ్‌షాతో కలిసి దీని గురించి ఊరూరా చెప్పారు. మన పల్లెల్లో ఉన్న గడ్డి విలువ మనకి అలా బయటినుంచి తెలిసిరావడం నాకు కొంచెం బాధగానే ఉంటుంది.

దీని బలమంతా వేరులో ఉంది. పక్కలకి పాకకుండా నిట్టనిలువుగా లోపలికి దిగుతుంది. నేల అనుకూలిస్తే మొదటి ఏడాదిలోనే రెండు మూడు మీటర్లు పోతుంది. అందుకే పక్కనున్న పంటతో పెద్దగా పోటీపడదు. ఆ సన్నటి వేళ్లని లాగి పరీక్షిస్తే వాటి బలం సగటున మైల్డ్ స్టీలులో ఆరో వంతు దాకా ఉందని తేలింది. రోడ్ల కట్టలకీ, కొండవాలులకీ ఇంజనీర్లు దీన్ని నాటిస్తున్నది అందుకే.

ఇక కొన్న సంగతి. కడియం వైపు ఒక నర్సరీలో ఫోన్ మీద ఆర్డరు చెప్పాను. పిలక రెండు రూపాయల లోపే పడింది, రవాణా వేరు. లోడు దించాక చూస్తే ముప్పాతిక భాగం బాగుంది. దుబ్బు మొదలు గట్టిగా, తెల్లగా, పిలకలు బిగుతుగా ఉన్నాయి. మిగతావి ముదిరిపోయి పూత కంకులు వేసిన దుబ్బులు. కాడ నొక్కితే లోపల డొల్ల. అలాంటి ముసలి కాడలు నాటినా చిగురు వేయడం కష్టం, ఎండిన ముక్కలకి చెదలు పడుతుంది. దానికితోడు ఆకులు కత్తిరించకుండా నిలువునా కట్టలు కట్టేశారు. దారి పొడవునా ఆకు నీళ్లు లాగేసి వేళ్లు బిరుసెక్కాయి. ఫోటోలు పంపితే ఆ నర్సరీ అతను వాదించలేదు. "మేడమ్, ముదురువి పక్కన పెట్టేయండి, వచ్చే లోడులో కలిపి పంపిస్తాను" అన్నాడు, పంపించాడు కూడా. మార్కులు తగ్గించింది కట్టలు కట్టిన తీరుకి, మూడున్నర దాకా ఇచ్చింది ఆ మాట నిలబెట్టుకున్నందుకు.

కొనేటప్పుడు ఇంకో జాగ్రత్త. నిమ్మగడ్డి దుబ్బుని చూపించి ఇదే వట్టివేరు అనేవాళ్లున్నారు. ఆకు నలిపి చూడండి. నిమ్మగడ్డైతే ఆకే ఘుమ్మంటుంది. వట్టివేరు ఆకుకి ఆ వాసన ఉండదు, వేరు గిల్లితే తడి మట్టి మీద చందనం చల్లినట్టు ఒక చల్లటి వాసన వస్తుంది. రకం కూడా అడగండి. ఉత్తరాదిన ఏటి ఒడ్లలో పెరిగే అడవి రకం గింజ కట్టి మొలకెత్తుతుంది. దక్షిణాదిన మనం పెంచే రకం మామూలుగా గింజ కట్టదు, పిలకలతోనే పెంచుకోవాలి. గట్టుకి కావలసింది ఈ రెండోదే. పొలంలో కలుపై కూర్చుంటుందన్న భయం ఉండదు.

నాటడం మృగశిర కార్తెలో, నేల బాగా తడిశాక. మేస్త్రీలు వాడే నీళ్ల ట్యూబుతో లెవెల్ పట్టించి, వాలుకి అడ్డంగా ఒకే ఎత్తులో గీత గీయించాను. ఈ ఒక్క పనిలో మాత్రం కక్కుర్తి పడకండి. గీత ఎక్కడ కిందికి వంగితే నీళ్లన్నీ అక్కడికే చేరి పిలకల్ని పెకలించేస్తాయి. దుబ్బుని చీల్చి రెండు మూడు కాడలు కలిపి ఒక పిలకగా తీసుకోవాలి. ఆకు జానెడు ఉంచి, వేరు నాలుగు అంగుళాలు ఉంచి కత్తిరించాలి. పల్చటి పేడ నీళ్లలో ముంచి, అర అడుగుకి ఒకటి చొప్పున పెట్టి, మొదట్లో మట్టి కాలితో గట్టిగా తొక్కాలి. మధ్యలో ఖాళీ వదిలితే ఆ ఖాళీలోంచే గండి పడుతుంది. మా తోటలో పనిచేసే పెద్దాయన మొదట పెదవి విరిచాడు. "గడ్డి పీకడానికే కూలి ఇస్తారు గానీ, గడ్డి నాటడానికి ఇచ్చేవాళ్లని చూళ్లేదండి అమ్మగారూ" అన్నాడు. చనిపోయిన చోట మళ్లీ నాటే పని ఇప్పుడు ఆయనే, నేను చెప్పకుండానే చూసుకుంటున్నాడు.

నాటిన ఏడాది వానలకి పెద్దగా ఏమీ ఆగలేదు. ఆ ఏడాది ఓపిక పట్టాలి. వాన ముఖం చాటేస్తే తడి ఇవ్వాలి, మోకాలి ఎత్తు దాటితే కొడవలితో అడుగున్నర ఉంచి కోయాలి. కోసిన కొద్దీ పిలకలు పెట్టి వరస చిక్కబడుతుంది. రెండో ఏడాది శ్రావణంలో పడిన పెద్ద వానకి, వెలిసీ వెలియగానే గొడుగేసుకుని వెళ్లి చూశాను. పైనుంచి ఎర్రగా దిగిన నీళ్లు వరస దగ్గరికొచ్చి నెమ్మదించాయి. కాడల మధ్య మామిడి పండుటాకులూ పుల్లలూ చిక్కుకుని ఉన్నాయి, వాటి వెనక మెత్తటి ఒండ్రు పొరలు పొరలుగా దిగి ఉంది. కింది వైపు నీళ్లు సన్నటి ధారలుగా, బాగా తేటపడి వెళ్తున్నాయి. అలా ఆగిన మట్టి దుబ్బు మొదలుని కప్పేసినా ఫరవాలేదు. కణుపుల దగ్గర కొత్త వేళ్లు వేసి గడ్డి పైకి లేస్తుంది. గట్టు దానంతట అదే పెరుగుతుందన్నమాట.

లోపం కూడా చెప్పాలి. నీడలో ఇది ఎదగదు. పెద్ద చెట్ల కొమ్మలు వాలిన చోటల్లా మా వరస పల్చబడింది. ముదురు తోటల్లో కొమ్మలు కత్తిరించి ఎండ తగలనివ్వాలి, లేదంటే చెట్ల వరసల మధ్య ఖాళీలో నాటాలి. లేత ఆకు పశువులు తింటాయి కాబట్టి తొలి ఏడాది మేకల్ని దగ్గరికి రానివ్వకండి. ముదిరిన ఆకు గరుకు, మేతకి పనికిరాదు. మేం కోసి చెట్ల మొదళ్లలో కప్పుతాం, ఎండాకాలం తేమ నిలుస్తుంది.

వేళ్లు అమ్మి డబ్బు చేసుకోవచ్చు కదా అని చాలామంది అడుగుతున్నారు. గట్టు మీది వేరు తవ్వితే గట్టే పోతుంది. వేరు పంట కావాలంటే దానికి వేరే మడి పెట్టుకోవాలి. తేలికపాటి ఇసుక నేలైతే తవ్వడం సులువు, పదిహేను నుంచి పద్దెనిమిది నెలల్లో వేరు తీతకొస్తుంది. వేళ్లలోంచి తీసే సుగంధ నూనె దిగుబడి కోసం లక్నోలోని సీమాప్ (ఔషధ, సుగంధ మొక్కల మీద పరిశోధన చేసే కేంద్ర ప్రభుత్వ సంస్థ) ధారిణి, కేసరి, గులాబీ లాంటి రకాలు ఇచ్చింది. హైదరాబాద్ బోడుప్పల్లో వాళ్ల కేంద్రం ఉంది, వేరు పంట వేసేవాళ్లు ముందు అక్కడ కనుక్కుని దిగితే మంచిది. నూనె బట్టీ ఎక్కడుందో తెలుసుకోకుండా ఎకరాలకి ఎకరాలు వేయకండి.

ఇంట్లోకి వట్టివేళ్లూ కిటికీ తడికా మాత్రం బజార్లోనే కొన్నాను. వేళ్ల కట్ట బాగుంది. తడిక మాత్రం నీళ్లు చల్లినా వాసన అంతంతమాత్రం. నూనె తీసేసిన వేళ్లతో కూడా తడికలు అల్లుతారు. కొనే ముందు ఒక మూల తడిపి వాసన చూపించమనండి, ఒప్పుకోకపోతే వదిలేయండి.

పిలకలకి ఆర్డరు వైశాఖంలోనే చెప్పి ఉంచండి, తొలకరి పడ్డాక అందరూ ఒకేసారి అడుగుతారు. ఆకులు జానెడుకి కత్తిరించి, వేళ్లకి తడి గోనె చుట్టి పంపమని ముందే మాట తీసుకోండి. లోడు దిగిన రోజే కూలీలు ఉండేలా చూసుకోండి.