నాలుగు స్టార్లు, ఐదోది ఫోన్ ఎత్తనందుకు కోసేశాను

సిటీ సివిల్ కోర్టు సమన్లు పట్టుకుని ఈ లాయర్ మేడమ్ ఆఫీసు మెట్లెక్కేసరికి నాకు మిగిలింది రెండే రోజులు. ఆ సంగతి అప్పటికి నాకు తెలీదు. అంతకుముందు వేరే లాయరు గారి దగ్గరికి వెళ్తే, "ప్రోనోటు దావాయే కదా, వాయిదాకి వెళ్లి జవాబుదావాకి టైమ్ అడుగుదాం" అని పంపేశారు. ఈవిడ కాగితం మీద ‘ఆర్డర్ 37’ (బాకీ దావాలు త్వరగా తేల్చే పద్ధతి) అన్న ముక్క చూడగానే "ఇది మీ చేతికి ఏ రోజు వచ్చింది?" అన్నారు. ఎనిమిది రోజులైందన్నాను. మంచినీళ్లు కూడా తాగనివ్వకుండా వకాలత్ మీద సంతకం పెట్టించుకున్నారు.

ఈ రకం దావాలో మామూలు కేసులా నేరుగా జవాబుదావా వేసే హక్కు మనకుండదట. సమన్లు అందిన పది రోజుల్లో కోర్టులో హాజరు వేసి, అదే రోజు అవతలి లాయరుకు నోటీసివ్వాలి. ఆ తర్వాత వాది ‘సమన్స్ ఫర్ జడ్జ్‌మెంట్’, అంటే తీర్పు ఇచ్చేయమని అడిగే సమన్లు, పంపిస్తాడు. అది అందాక మళ్లీ పది రోజుల్లో, నాకూ చెప్పుకునేది ఉంది, వాదించుకోనివ్వండి అని అనుమతి అడగాలి. లీవ్ టు డిఫెండ్ అంటే అదే. అడగకపోతే విచారణ లేకుండానే డిక్రీ. ఆలస్యానికి సరైన కారణం చూపిస్తే మన్నించే వీలుంది గానీ దాని మీద ఆశ పెట్టుకోవద్దన్నారు.

నా బాకీ సంగతి ఇదీ. ఇంటి స్లాబు కోసం తెలిసినాయన దగ్గర ఆరు లక్షలు తీసుకున్నాను, నూటికి రెండు రూపాయల వడ్డీ. ఐదు నెలలకు రెండు లక్షలు, ఇంకో ఐదు నెలలకు రెండు లక్షలు బ్యాంకులో వేశాను. నోటు వెనక చెల్లు మాత్రం రాయించుకోలేదు. మొహమాటం! ఇరవై నెలలయ్యాక ఆయన ఆ నాలుగు లక్షల ఊసే లేకుండా 8,40,000కి దావా వేశాడు.

చుట్టాల్లో సగం మంది ‘సంతకం నాది కాదను’ అన్నారు. అదే మేడమ్‌తో అంటే, "మరి నాలుగు లక్షలు దేనికి కట్టారంటే ఏం చెప్తారు?" అన్నారు. నోరు మూసుకున్నాను. పోనీ, రెండు లక్షలే బాకీ అని రాయండన్నాను. ఆవిడ కాలిక్యులేటర్ నా ముందే పెట్టారు. మొదట కట్టిన రెండు లక్షల్లో ఐదు నెలల వడ్డీ అరవై వేలు పోగా, మిగతాది అసల్లో తీసేస్తే 4,60,000. తర్వాతి ఐదు నెలలకు నలభై ఆరు వేలు కలిపి, రెండో చెల్లింపు తీసేస్తే 3,06,000. దాని మీద పది నెలల వడ్డీ కలిపితే 3,67,200. "ఇది మీరే ఒప్పుకోండి. అబద్ధం లెక్క చెప్తే మిగతాదీ నమ్మరు" అన్నారు. ఒప్పుకున్న సొమ్ము కోర్టులో కడితేనే అనుమతి వస్తుందని రూల్లోనే ఉందట. 2016లో సుప్రీంకోర్టు హబ్‌టౌన్ కేసులోనూ ఆ మాటే చెప్పిందని తీర్పు తెరిచి చూపించారు. ఆ రోజు చాలా కోపమొచ్చింది, డబ్బిచ్చి పెట్టుకున్న లాయరు నా బాకీ పెంచుతోందేమిటని.

నేను పదకొండు పేజీలు రాసుకెళ్లాను. మా గృహప్రవేశానికి ఆయన ఎంతమందిని వెంటేసుకొచ్చాడో కూడా రాశాను. అన్నీ కొట్టేసి మూడు పేజీల అఫిడవిట్ చేశారు. రెండో చెల్లింపు వాళ్లబ్బాయి ఖాతాకి వెళ్లడమే చిక్కు. "మావాడి అకౌంట్‌లో వేసెయ్" అని ఆయన పెట్టిన వాట్సాప్ మెసేజ్ నా పాత ఫోన్లో దొరికేదాకా మేడమ్ వదల్లేదు. దానికి సాక్ష్య చట్టం కింద ఇవ్వాల్సిన సర్టిఫికెట్ కూడా జతచేశారు.

వాదనల రోజు అవతలి లాయరు "అబ్బాయికి వేసింది వేరే లావాదేవీ" అన్నారు. అదేదో విచారణలో తేలాల్సిందేగా అని మేడమ్ ఒక్క మాటే అన్నారు. నాలుగు వారాల్లో 3,67,200 డిపాజిట్ చేయాలన్న షరతుతో లీవ్ వచ్చింది. ఎఫ్‌డీ బద్దలుకొట్టి కట్టాను.

ఇక లోపాలు. ఫీజు 35,000 మొత్తం ముందే తీసుకుంటారు, అడిగితేనే రసీదు. గుమస్తా అఫిడవిట్‌లో 3,76,200 అని కొట్టాడు. నోటరీ దగ్గర నేను చూసుకోబట్టి సరిపోయింది, లేకపోతే తొమ్మిది వేలు నా నెత్తిన పడేవి. సాయంత్రం ఆరు దాటితే ఫోన్ ఎత్తరు, తిరిగి చేయరు. వాయిదా ముందురోజు రాత్రి ఆ టెన్షన్ నేనొక్కడినే పడ్డాను.

ఇప్పుడు జవాబుదావా వేశాం, కేసు మామూలు దావాలా నడుస్తోంది. వెళ్లేవాళ్లు ఉదయం తొమ్మిదిలోపు వెళ్లండి, తర్వాత కోర్టుకు వెళ్లిపోతారు. సమన్లు వచ్చిన కవరు పారేయకుండా పట్టుకెళ్లండి.