మాయపక్షుల మ్యాపు గీసే పాత్ర: వెంట తిరగాలా, ఒకచోట ఉండాలా?

ఫాంటసీ నవల రాసేవాళ్లకు ఈ చిక్కు తరచూ వస్తుంది. మాయపక్షులు వలస వెళ్లే దారుల మ్యాపు గీసే మనిషి వాటి వెంట తిరగాలా, రేవుపట్నంలో కూర్చుని కబుర్లు పోగు చేయాలా?

ఖర్చు: తిరిగేవాడికి పడవ, గుర్రం, పోషించే రాజు కావాలి. ఉండేవాడికి సిరా, కాగితం, ఓడవాళ్ల స్నేహం చాలు.

శ్రమ: మొదటివాడిది ఒంటి కష్టం, రెండోవాడిది ఓపిక. 1899లో డెన్మార్క్ స్కూలు టీచర్ మోర్టెన్‌సన్ గోరింకల జాతి పక్షుల కాళ్లకు నంబర్లున్న అల్యూమినియం రింగులు తొడిగి వదిలాడు. ఆ పక్షి ఎక్కడో ఎవరికో దొరికి కబురు వస్తేనే మ్యాపు మీద ఇంకో చుక్క! ఆ ఎదురుచూపులో బోలెడు కథ ఉంది. అంతకుముందు 1822లో జర్మనీలో, మెడలో ఆఫ్రికా ఈటె గుచ్చుకున్న కొంగ దొరికింది. చలికాలంలో కొంగలు ఎక్కడికి పోతాయో చెప్పడానికి అది గట్టి సాక్ష్యమైంది. మీ పాత్ర చేతికి అలాంటి ఆనవాలు ఒకటి ఇవ్వండి.

రిస్కు: తిరిగేవాడు పోతే తనొక్కడే పోతాడు. ఉండేవాడు అబద్ధం నమ్మి మ్యాపు గీస్తే దాన్ని నమ్మిన ఓడలన్నీ మునుగుతాయి. నాకు ఈ రెండోదే ఎక్కువ టెన్షన్ పెడుతుంది.

కొత్త లోకాన్ని అడుగడుగునా చూపించాలంటే తిరిగేవాణ్ని ఎంచుకోండి. పక్షులు ఆర్కిటిక్ టెర్న్ అనే సముద్రపక్షిలా ధ్రువం నుంచి ధ్రువానికి ఎగిరేవైతే, లేదా కథ ఒక రహస్యం చుట్టూ తిరిగేదైతే, ఉండేవాడే సరైనవాడు.